స్వప్నశేషం: వాసిష్ఠ కథలలో లోకాంతర ప్రవేశం

కలలను గూర్చిన కథలు మన వాఙ్మయంలో అసంఖ్యాకం. వాటిలో చాలావాటి నడక ఒక్కటే. కథానాయకుడు నిద్రిస్తాడు లేదా మోహంలో మునుగుతాడు, వేరొక జీవితం అనుభవిస్తాడు, మేల్కొంటాడు. మేల్కొన్న తరువాత అతనికి మిగిలేది జ్ఞాపకం మాత్రమే. అది అతని సొంతం, ఇతరులకు దానితో ప్రమేయం లేదు. ఇట్టి కథలు వేదాంతబోధకు దృష్టాంతాలుగా బాగా ఉపకరిస్తాయి. తాడు పాముగా తోచినట్లు కల నిజంగా తోచిందని, మెలకువ రాగానే అది తొలగిందని చెప్పి ముగించవచ్చు.

యోగవాసిష్ఠంలోని కొన్ని ఉపాఖ్యానాలు మాత్రం ఈ పద్ధతికి లొంగవు. వాటిలో కల ముగిసిన తరువాత దాని శేషం ఒకటి మెలకువలోకి వచ్చి నిలుస్తుంది. కలలో చూచిన ఊరు భూమిమీద దొరుకుతుంది. కలలోని అత్త మెలకువలో ఏడుస్తూ కనబడుతుంది. ఒక లోకం మరొక లోకంలోకి చొరబడి, తాను వచ్చిన గుర్తు వదలి పోతుంది. ఈ గుర్తును ‘స్వప్నశేషం’ అని పిలుచుకుంటే, దీని పని ఏమిటి, ఇది ఏ సిద్ధాంతానికి తోడ్పడుతుంది, ఏ సిద్ధాంతాన్ని ఇబ్బంది పెడుతుంది అన్నది విచార్యం.

గ్రంథాన్ని గూర్చి కొద్దిమాటలు చాలును. యోగవాసిష్ఠం రామునికి వసిష్ఠుడు చేసిన ఉపదేశం. వైరాగ్యం, ముముక్షువ్యవహారం, ఉత్పత్తి, స్థితి, ఉపశమం, నిర్వాణం అని ఆరు ప్రకరణాలు. సంప్రదాయం దీనిని వాల్మీకి కృతిగా భావించినా, దీని ప్రాచీన రూపమైన మోక్షోపాయం పదవ శతాబ్దిలో కాశ్మీరదేశంలో వెలసిందని ఆస్ట్రియన్ పండితుడు వాల్టర్ స్లాయె మొదలైనవారి పరిశోధన వలన నేడు తెలియవచ్చింది. అభినందుడు దీనిని సంగ్రహించి లఘుయోగవాసిష్ఠం చేశాడు. మొగలు రాజకుమారుడు దారా షికో దీనిని పారసీకంలోకి అనువదింపజేశాడు. తెలుగున పదిహేనవ శతాబ్దికి చెందిన మడికి సింగన వాసిష్ఠ రామాయణాన్ని పద్యకావ్యంగా రచించాడు. కాబట్టి ఈ కథలు తెలుగువారికి పరాయివి కావు. ఆరు వందల యేండ్ల నుండి మన భాషలోనే ఉన్నాయి.

ప్రస్తుత విషయానికి ప్రధానమైనది ఉత్పత్తి ప్రకరణంలోని లవణోపాఖ్యానం.

లవణుడు హరిశ్చంద్రుని వంశంలో పుట్టిన రాజు. ఒకనాడు అతడు కొలువుదీరి ఉండగా ఒక ఐంద్రజాలికుడు వచ్చాడు. మన ఊళ్లలో గారడివాడు చేసినట్లే నెమలికుంచె త్రిప్పాడు. అంతలో సింధురాజు పంపిన అశ్వపాలుడు మేలుజాతి గుఱ్ఱాన్ని తీసికొని సభలో ప్రవేశించాడు. ఆ గుఱ్ఱమెక్కి విహరించుమని గారడివాడు రాజుతో అన్నాడు. రాజు గుఱ్ఱం వైపు చూచి, చూచినవాడు చూచినట్లే స్తంభించిపోయాడు. రెండు ముహూర్తాలు, అంటే నేటి లెక్కన సుమారు గంటన్నర, సింహాసనం మీద బొమ్మవలె కూర్చున్నాడు. సభ నిశ్శబ్దమైంది. తరువాత వణకుతూ కన్ను తెరిచాడు. తాను ఎవరో, ఆ సభ ఎవరిదో తెలియక కొంతసేపు తడబడి, పిదప జరిగినది చెప్పాడు.

అతడు చెప్పిన కథలోని వివరాలు గమనింపదగినవి. గుఱ్ఱం అతనిని దూరారణ్యానికి ఈడ్చుకొనిపోయింది. చెట్టునుండి వ్రేలాడే తీగ పట్టుకొని అతడు బయటపడ్డాడు. రాత్రి గడిచింది. మరునాడు ఆకలితో అలమటిస్తూ ఉండగా ఒక నల్లని పిల్ల అన్నము, నేరేడుపండ్ల రసము తీసికొని పోతూ కనబడింది. పొలంలో దున్నుతున్న తండ్రికి అది మధ్యాహ్న భోజనం. రాజు అడిగితే ఆమె పెట్టలేదు. తాను చండాల కన్యనని, తనను పెండ్లాడితే సగం పెడతానని చెప్పింది. ఆకలి రాజును ఒప్పించింది. పెండ్లి జరిగింది. పిల్లలు పుట్టారు. అరువది సంవత్సరాలు గడిచాయి. తాను రాజునన్న సంగతి అతడు మరచాడు. అప్పుడు కరవు వచ్చింది. అడవి మాడిపోయింది, ఊరు చెదరిపోయింది. భార్యాపిల్లలతో వలస పోతూ ఒక తాటిచెట్టు క్రింద ఆగినప్పుడు చిన్నకొడుకు ఆకలని ఏడ్చాడు. పెట్టడానికి ఏమీ లేదు. తన మాంసమే వానికి ఆహారం కావలెనని తండ్రి చితి పేర్చి అందులో దూకబోయాడు. సరిగా ఆ క్షణంలో జయజయధ్వానాలు, తూర్యనాదాలు వినబడ్డాయి. కన్ను తెరిస్తే కొలువుకూటం.

గారడివాడు అప్పటికే మాయమైనాడు. పారితోషికం కూడ పుచ్చుకొనలేదు. డబ్బు పుచ్చుకోని గారడివాడు గారడివాడు కాడని సభాసదులకు వెంటనే తోచింది.

కథ ఇక్కడ ఆగితే అది ఒక మంచి స్వప్నకథ అయ్యేది. కాని మరునాడు లవణుడు వింధ్యప్రాంతానికి బయలుదేరాడు. తాను అద్దంలో చూచినట్లు స్పష్టంగా చూచిన ఆ అడవి ఎక్కడైనా ఉందేమోనని వెదకుతూ పోయాడు. అది ఉంది. కరవుకు మాడిన చెట్లు ఉన్నాయి. తాను తిరిగిన చోట్లు, గుడిసెల వాడ ఉన్నాయి. అక్కడ ఒక ముసలిది కూతురిని, అల్లుని, మనుమలను తలచుకొని ఏడుస్తూ ఉంది. రాజు అడిగితే ఆమె చెప్పింది: ఒక రాజు దైవికంగా ఇటు వచ్చాడు, నా కూతురిని పెండ్లాడాడు, పిల్లలు పుట్టారు, కరవులో అందరూ పోయారు. రాజు మంత్రుల ముఖాలు చూచాడు. ఆమెను ఓదార్చి, ధనమిచ్చి, తిరిగి వచ్చాడు.

ఈ మరునాటి ప్రయాణం ఎందుకు? బోధకు కల ఒక్కటే చాలదా? ఈ ప్రశ్నకు సమాధానం అద్వైతాచార్యుల వాదాలను జ్ఞప్తికి తెచ్చుకుంటే గాని తెలియదు. గౌడపాదుడు మాండూక్యకారికల వైతథ్య ప్రకరణంలో స్వప్న పదార్థాలు అసత్యమని నిరూపించడానికి దేశకాలాలను హేతువులుగా చూపాడు. కలలో దూరదేశానికి పోయినవాడు నిజంగా పోలేదు, అంత కాలం గడవలేదు గనుక. మేల్కొన్నవాడు ఆ దేశంలో ఉండడు గనుక. శంకరాచార్యులు బ్రహ్మసూత్ర భాష్యంలో రెండవ అధ్యాయం రెండవ పాదాన విజ్ఞానవాదులను ఖండిస్తూ, జాగ్రత్తు స్వప్నం వంటిది కాదన్నారు. కలలోని వస్తువు మేల్కొనగానే బాధితమవుతుంది. జాగ్రద్వస్తువు అట్లు బాధితం కాదు. ఈ బాధే రెండింటికి గల భేదం.

లవణుని కథ ఈ రెండు హేతువులను పనిగట్టుకొని తారుమారు చేసినట్లు కనబడుతుంది. కాలం చాలదన్న ఆక్షేపణకు సమాధానంగా ముసలిదాని మనుమలున్నారు. మేల్కొన్నవాడు ఆ దేశంలో ఉండడన్నారు, లవణుడు ఆ దేశానికి నడచి వెళ్లి నిలుచున్నాడు. కల మేల్కొనగానే తొలగవలె, కాని ఇక్కడ మెలకువయే కలకు సాక్ష్యం పలికింది. బాధ జరగలేదు, సంవాదం జరిగింది. ప్రమాణశాస్త్రం ప్రకారం చూస్తే లవణుని స్వప్నం ప్రత్యక్షంచేత, శబ్దంచేత కూడ సమర్థింపబడింది. అయితే అది సత్యమా? సత్యమైతే, రెండు ముహూర్తాలు సింహాసనం మీద కదలక కూర్చున్న శరీరాన్ని సభ అంతా చూచింది కదా! వసిష్ఠుడు తాను స్వయంగా ఆ సభలో ఉండి చూచానని కూడ చెప్పాడు. ఇద్దరు సాక్షులున్నారు, ఇద్దరూ విశ్వసనీయులే, ఇద్దరి మాటలూ పొసగవు. గ్రంథకర్త ఈ చిక్కును తెలిసే కల్పించాడు. ప్రాతిభాసిక, వ్యావహారిక సత్తలకు మధ్య గల గోడను పడగొట్టడమే అతని ఉద్దేశం. కల జాగ్రత్తువలె సత్యమని చెప్పడం కాదు, జాగ్రత్తు కలవలె మనోమయమని చెప్పడం.

రాముడు ఊరకుండలేదు. కలలో చూచినది మెలకువలో ఎట్లు కనబడిందని సూటిగా అడిగాడు. వసిష్ఠుడు ఇచ్చిన సమాధానం ఒకటి కాదు. మొదటిది కాకతాళీయం. కాకి వాలడం, తాటిపండు రాలడం ఒక్కసారి జరిగినట్లు, రాజు మనస్సులో తోచినది, వింధ్యలో జరిగినది కలిశాయి. రెండవది ప్రతిబింబవాదం. వింధ్యలోని పుల్కసుల అనుభవం రాజు చిత్తంలో ప్రతిఫలించి ఉండవచ్చు, లేదా రాజు భ్రాంతి పుల్కసుల చిత్తంలో ప్రతిఫలించి ఉండవచ్చు. ఒకే కల పలువురు కన్నట్లు ఒకే భ్రాంతి పలువురికి కలుగవచ్చు. మూడవది కర్మఫలం, ఇది అంతకు ముందే కథలో వస్తుంది. లవణుడు తన పూర్వుడైన హరిశ్చంద్రుని వలె రాజసూయం చేయగోరి, దానిని మనస్సులోనే చేశాడు. రాజసూయం చేసినవానికి పన్నెండేండ్ల దుఃఖం తప్పదు. మనస్సుతో చేసిన యాగానికి మనస్సుతోనే ఫలం అనుభవించవలె గనుక ఇంద్రుడు గారడివాని వేషంలో దూతను పంపాడు.

ఈ మూడు సమాధానాలు పరస్పరం అతకవు. కాకతాళీయమైతే ఇంద్రదూత అవసరం లేదు. ఇంద్రదూత పంపిన శిక్ష అయితే అది యాదృచ్ఛికం కాదు. పన్నెండేండ్ల దుఃఖమన్నది అరువదేండ్ల అనుభవమెట్లయింది? ఇట్టి లోపాలను ప్రక్షేపాలుగా, భిన్నకర్తృకత్వానికి చిహ్నాలుగా లెక్కించడం ఒక మార్గం. కాని అన్నిచోట్ల ఆ మార్గం పనికిరాదు. కారణమన్నదే మనఃకల్పితమని చెప్పే గ్రంథం ఒక్క కారణాన్ని ఖండితంగా చెప్పి కూర్చుంటే తన సిద్ధాంతాన్ని తానే కాదన్నట్లవుతుంది. అడిగినవాని మనస్సు ఎక్కడ ఆగితే అక్కడికి తగిన సమాధానం వసిష్ఠుడు ఇస్తున్నాడని గ్రహించడం ఇక్కడ ఉచితం.

హరిశ్చంద్రుని పేరు ఈ కథలోకి ఊరక రాలేదు. మార్కండేయ పురాణంలో కాటి కాపరియైన హరిశ్చంద్రుడు నిద్రలో తాను పుల్కసుడుగా పుట్టినట్లు కల గంటాడు. కష్టంలోపల కల, కలలోపల మరింత కష్టం. వాసిష్ఠకారుడు ఆ చిన్న స్వప్నఘట్టాన్ని విత్తుగా తీసికొని లవణుని కథ పెంచినట్లు తోస్తుంది. తెలుగుదేశంలో కాటిసీను పద్యాలు వినడానికి తెల్లవార్లు కూర్చున్న ప్రేక్షకులకు హరిశ్చంద్రుని కష్టం కలకాదు, నిజం. అదే కష్టాన్ని అతని వంశంవాడు కలలో అనుభవించి, అది నిజమని మరునాడు తెలిసికొన్నాడు. ఒకరి జీవితం మరొకరి స్వప్నం కావడం ఈ కథాసంప్రదాయంలో వంశపారంపర్యం.

ఉపశమ ప్రకరణంలోని గాధి కథ ఇంతకంటె నిర్దాక్షిణ్యమైనది. కోసలదేశపు బ్రాహ్మణుడు గాధి తపస్సు చేసి విష్ణువును మాయను చూపుమని కోరాడు. ఒకనాడు నీట మునిగి అఘమర్షణం చేస్తూ మంత్రం మరచాడు. తాను చనిపోయినట్లు, ఇంటివారు ఏడ్చినట్లు, దహనమైనట్లు, భూతమండలంలో ఒక చండాల స్త్రీ గర్భాన పుట్టినట్లు చూచాడు. కటంజుడని పేరు. పెరిగాడు, సంసారం చేశాడు, కుటుంబాన్ని పోగొట్టుకున్నాడు. తిరుగుతూ కీరదేశం చేరాడు. అక్కడ రాజు మరణించాడు. పట్టపుటేనుగు ఇతనిని తొండంతో ఎత్తి మూపున కూర్చుండబెట్టింది. గవలుడనే పేరుతో ఎనిమిదేండ్లు రాజ్యం చేశాడు. ఒకనాడు ఆభరణాలు లేకుండా వీథిలోకి వచ్చినప్పుడు పాతవాడొకడు గుర్తుపట్టి పిలిచాడు. మేడ కిటికీల నుండి రాణులు విన్నారు. ఆ తరువాత ఎవ్వరూ అతనిని తాకలేదు. పౌరులు తాము చెడిపోయామని గుంపులు గుంపులుగా అగ్నిలో దూకారు. తనవల్ల ఇంతమంది చచ్చారని అతడు కూడ దూకాడు. నీటిలో ఉలికిపడి లేచేసరికి క్షణకాలం గడిచింది.

లవణుడు సాక్ష్యాన్ని వెదకుతూ పోయాడు. గాధి వద్దకు సాక్ష్యం తానే నడచివచ్చింది. కొంతకాలానికి అతని ఇంటికి ఒక అతిథి వచ్చాడు. ఇంత చిక్కిపోయావేమని అడిగితే, కీరదేశంలో ఒక చండాలుడు ఎనిమిదేండ్లు రాజ్యమేలాడని, అది తెలిసి ప్రజలు అగ్నిప్రవేశం చేశారని, ఆ దోషపరిహారానికి ప్రయాగలో వ్రతం చేసి చిక్కిపోయానని చెప్పాడు. గాధి వెళ్లి చూచాడు. భూతమండలంలో కటంజుని ఇల్లు ఉంది. కీరదేశంలో ఆ రాజును గూర్చి జనం చెప్పుకుంటూ ఉన్నారు. తిరిగి తపస్సు చేశాడు. విష్ణువు వచ్చి అంతా నీ చిత్తమే, ఆ అతిథి కూడ అంతే అన్నాడు. గాధికి తృప్తి కలుగలేదు. మళ్లీ వెళ్లి చూచి మళ్లీ అడిగాడు. అప్పుడు విష్ణువు కటంజుడనేవాడు ఉన్నమాట నిజమేనని, వాని వృత్తాంతం గాధి చిత్తంలో ప్రతిఫలించిందని మాట మార్చి చెప్పాడు. భగవంతుడే రెండుసార్లు రెండు విధాలుగా చెప్పిన చోట వ్యాఖ్యాతలు ఒక్కటే నిర్ణయించబూనడం సాహసం.

ఈ రెండు కథలను కలిపి అమెరికన్ పండితురాలు వెండీ డొనిగర్ 1984లో వెలువరించిన గ్రంథంలో విస్తారంగా చర్చించింది. స్వప్నసాక్ష్యం సత్యానికి రుజువు కాజాలదని, అసత్యానికి రుజువు కాజాలదని ఆమె చూపింది. ఇటీవల కొందరు ఈ కథలను భౌతికశాస్త్రంలోని బహులోక సిద్ధాంతంతో పోల్చి సంతోషిస్తున్నారు. ఆ పోలిక తొందరపాటు. హ్యూ ఎవరెట్ 1957లో ప్రతిపాదించిన ఆ సిద్ధాంతంలో విడిపోయిన శాఖలకు తరువాత ఒకదానితో ఒకటికి రాకపోకలు ఉండవు. వాసిష్ఠంలో కథకు ప్రాణమే రాకపోకలు. అతిథి తలుపు తట్టకపోతే గాధి కథ లేదు.

వ్యాఖ్యానాలలో అంతగా పట్టించుకోని విషయం ఒకటి మిగిలింది. ఈ కథలలో మేల్కొనే అవకాశం ఎవరికున్నది? లవణునికి, గాధికి. ఒకడు రాజు, ఒకడు బ్రాహ్మణుడు. వింధ్యలోని ముసలిదానికి మేల్కొనడానికి వేరే లోకం లేదు. రాజుకు పీడకలగా వచ్చిన బ్రతుకు ఆమెకు పగటి బ్రతుకు. కరవు ఆమెకు దృష్టాంతం కాదు. అల్లుడు బ్రతికి ఎదుట నిలిచి ధనమిస్తూ ఉన్నా ఆమె కన్నీరు అతని కోసమే కారుతూ ఉంది. వసిష్ఠుడు చెప్పిన కథలో వారిద్దరి మధ్య గుర్తింపు ఘట్టం లేదు. నాటకకర్త చేతిలో పడితే అక్కడ ఎంత కరుణరసం పండేదో ఊహించవచ్చు. కథకుడు దానిని దాటిపోయాడు. చండాలజన్మను మాయకు పరాకాష్ఠగా, శిక్షగా ఎన్నుకోవడం ఆనాటి సమాజదృష్టి. గాధి కథలో ఆ దృష్టి ఒక పట్టణాన్నే కాల్చివేసింది. ఎనిమిదేండ్లు చక్కగా ఏలిన రాజు ఒక్క పిలుపుతో అంటరానివాడైనాడు. జాతిభేదం కూడ మనఃకల్పితమే అని గ్రంథం తన సిద్ధాంతాన్నిబట్టి చెప్పవలసి ఉన్నది. కథ ఆ మాటను గట్టిగా పలుకలేదు గాని, చదివినవాడు పలుకకుండా ఉండలేడు. కీరదేశ ప్రజలు ఏ అగ్నిలో కాలిపోయారు? తాము కల్పించుకొన్న దోషం తప్ప అక్కడ వేరే నిప్పు లేదు.

వెనుక మిగిలినవారి దుఃఖాన్ని పట్టించుకొన్న కథ దేవీభాగవతంలో ఉంది. ఆరవ స్కంధంలో నారదుడు మాయను చూపుమని విష్ణువును కోరి, ఒక సరస్సులో మునిగి స్త్రీగా లేస్తాడు. తాళధ్వజుడనే రాజును పెండ్లాడి కొడుకులను, మనుమలను కని, యుద్ధంలో వారిని పోగొట్టుకొంటాడు. విష్ణువు ముదుసలి బ్రాహ్మణుడై వచ్చి స్నానం చేయించగానే మరల నారదుడు. అయితే తాళధ్వజుడు ఒడ్డున నిలిచే ఉన్నాడు. మునిగిన భార్య లేవలేదు, ఎవరో ముని లేచాడు. నా భార్య ఏదని అతడు ఏడ్చాడు. ఇక్కడ కలకన్నవాడు మేల్కొన్నాడు, కలలోని మనిషి ఒడ్డున నిలిచిపోయాడు. విష్ణువు ఆ రాజును కూడ ఓదార్చవలసి వచ్చింది.

ఈ కథకు తెలుగుదేశంలో స్థలమే ఉంది. కాకినాడ సమీపాన సర్పవరం భావనారాయణస్వామి ఆలయ స్థలపురాణం నారదుడు అక్కడి గుండంలోనే మునిగి స్త్రీ అయినాడని, పిఠాపురం రాజును చేపట్టి అరువదిమంది కొడుకులను కన్నాడని, ముక్తికా సరస్సులో మునిగి మరల పురుషుడైనాడని చెబుతుంది. ప్రభవ, విభవ మొదలుకొని అక్షయ వరకు గల సంవత్సరాల పేర్లు ఆ కొడుకులవే. స్వప్నశేషానికి ఇంతకంటె దృఢమైన ఉదాహరణ దొరకదు. ప్రతి ఉగాదికి పంచాంగశ్రవణంలో సంవత్సరం పేరు చెప్పినప్పుడల్లా, ఒక ముని మాయాగర్భాన పుట్టి యుద్ధంలో పోయిన పిల్లవాని పేరు పిలిచినట్లే. మాయ నుండి వచ్చినది కాలగణనలో స్థిరపడింది.

లీలోపాఖ్యానం చాల పెద్దది. దానిలో ఒక్క ఘట్టం ఇక్కడ చాలును. పద్ముడనే రాజు మరణించగా అతని రాణి లీల సరస్వతి వరంవల్ల శవాన్ని పూలతో కప్పి ఇంటిలోనే ఉంచింది. ఆ గదిలోని శూన్యంలోనే వేరొక రాజ్యం, అందులో పద్ముడే విదూరథుడనే డెబ్బదేండ్ల రాజు. అతడు చనిపోయి ఒక్కరోజే అయింది, అయినా అతనికి డెబ్బదేండ్ల జ్ఞాపకాలున్నాయి. అక్కడ అతని రాణి పేరు కూడ లీలయే, ముఖం కూడ అదే. విదూరథుడు యుద్ధంలో కూలి, ప్రాణం తిరిగి పద్ముని శరీరంలోకి వచ్చినప్పుడు రెండవ లీల కూడ ఈ గదిలో వచ్చి నిలుచున్నది. ఇద్దరు లీలలు, ఒక భర్త. లవణుని కథలో శేషం దూరాన అడవిలో ఉంది. గాధి కథలో అతిథి నోట వచ్చింది. ఇక్కడ అది మంచం ప్రక్కనే నిలిచింది. మొదటి లీల అసూయపడలేదు. ముగ్గురూ కలిసి రాజ్యమేలారు. వాసిష్ఠంలో ఒక లోకం మరొక లోకాన్ని త్రోసివేయక చోటిచ్చిన సందర్భం ఇదే అనదగినది. దానిని చేసింది ఒక స్త్రీ కావడం గమనార్హం.

తెలుగుకవి ఈ సమస్యను అందుకొన్న తీరు వేరు. పదునారవ శతాబ్దిలో పింగళి సూరన రచించిన కళాపూర్ణోదయంలో లోకాంతరానికి పుట్టిల్లు మనస్సు కాదు, మాట. బ్రహ్మ ఏకాంతంలో సరస్వతికి ఒక కథ చెప్పాడు. అందులోని పాత్రలు వారి ప్రణయవిలాసంలోని చేష్టలకు, ప్రతిబింబాలకు పెట్టిన మారుపేర్లని సరస్వతి కనిపెట్టింది. అయితే బ్రహ్మ మాట వమ్ము కాదు. కల్పనగా పలికినది భూలోకంలో జరిగి తీరవలె. కలాపూర్ణుడనే పేరు కావ్యంలో మొదట వినబడేది ఆకాశంలో పోతూ రంభానలకూబరులు మాట్లాడుకొనే మాటలలో. ఆ కథ చెప్పరానిది. దానిని గూర్చి కుతూహలపడిన కలభాషిణియే తరువాతి జన్మలో మధురలాలస. మణికంధరుడే కలాపూర్ణుడు. వినగోరినవారే కథలోని పాత్రలైనారు. రాజు తన కొలువులో కూర్చుండి, తాను పుట్టకముందే బ్రహ్మ చెప్పిన తన కథను పసిపాప నోట విన్నాడు. లవణుడు కూడ కొలువులోనే కూర్చుండి తన రెండవ జీవితాన్ని చెప్పాడని జ్ఞప్తికి తెచ్చుకుంటే ఈ రెండు సభలకు గల బంధుత్వం తెలుస్తుంది.

కట్టమంచి రామలింగారెడ్డి కవిత్వతత్త్వ విచారంలో ఈ కావ్యాన్ని కథాసంవిధానం దృష్టితో పరిశీలించాడు. వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షూల్మన్ 2002లో ఆంగ్లంలో వెలువరించిన అనువాదం ద్వారా అన్యదేశీయులకు కూడ ఇది పరిచితమైంది. దీనిని వాసిష్ఠంతో చేర్చి చదివితే ఒక భేదం స్పష్టమవుతుంది. కాశ్మీరకవి చేతిలో శేషం జాగ్రత్తును బలహీనపరుస్తుంది. ముసలిదాని కన్నీరు నిజమైనకొద్దీ సింహాసనం కల అవుతుంది. సూరన చేతిలో శేషం కల్పనను బలపరుస్తుంది. బ్రహ్మ సరసానికి పలికిన పేర్లు భూమిపై శరీరాలు ధరించి, పెండ్లాడి, అలిగి, పిల్లలను కంటాయి. సూరన ఎక్కడా ఇదంతా మాయ అని కొట్టివేయలేదు. మాయారంభ నిజరంభల కలహంలో కూడ, ఎవరు మాయ అన్నది తేలేవరకు ఇద్దరి కోపమూ నిజమైన కోపమే. మాయారంభ అయిన కలభాషిణికి తాను రంభను కాననే తెలుసు, కాని తన ఎదుట ఉన్న నలకూబరుడు మణికంధరుడని తెలియదు. వంచించినవారే వంచితులైనారు. వారి మధ్య ఆనాడు మారురూపాలతో నడిచిన అనురాగమే మరుజన్మలో సొంతరూపాలతో కలాపూర్ణ మధురలాలసల పెండ్లి దాకా వచ్చింది.